కంట్రోల్ మేడమ్

పెద్దక్క కోర్టు మెట్ల మీద కూలబడిపోయింది. మాంసం మార్కెట్‌ని ఒంటిచేత్తో గడగడలాడించే ఆ మనిషిని అలా కూలదోసినవి కెమెరాల కంపెనీ లాయరు చివర్లో అన్న మాటలు.

“మా యంత్రానికి చేతుల్లేవు, యువరానర్. అది చూస్తుంది. అనుమానం వస్తే చెబుతుంది. ఆ అనుమానం నిజమో కాదో తేల్చేది మా కంట్రోల్ రూమ్‌లో కూర్చున్న ఒక మనిషి. కర్ర ఎత్తింది ఇంకో మనిషి. మనుషులు చేసిన తప్పుకి కంపెనీని బోనెక్కిస్తే ఎలా?”

ఆ కర్ర కింద పోయింది పెద్దక్క తమ్ముడు. లిఫ్టు మెకానిక్. బస్టాండులో పేచీ పెడుతున్న సొంత కూతుర్ని భుజాన వేసుకుని పరిగెత్తాడు, బస్సు కదిలిపోతోందని. పైనున్న కెమెరా అతన్ని పిల్లల్ని ఎత్తుకుపోయేవాడని అనుమానించింది. గార్డులు చుట్టుముట్టారు. “నా కూతురే” అని అరుస్తూనే ఆ పాప కళ్ల ముందు ప్రాణం వదిలాడు. తల పగలగొట్టిన గార్డు బెయిలు మీద బయట తిరుగుతున్నాడు. “ఖాయం” అని చెప్పిన కంట్రోల్ రూమ్ ఉద్యోగిని మాత్రం పని మానేసి ఎటో వెళ్లిపోయిందని, తామూ వెతుకుతున్నామని కంపెనీ చెప్పింది. జడ్జిగారు ఆమెని హాజరుపరచమని వాయిదా వేశారు.

“ఆమె దొరికితే ఆమే, ఆ గార్డూ లోపలికి పోతారు. కంపెనీ చేతులు దులుపుకుంటుంది” అంది తమ తరఫు లాయరమ్మ, మెట్ల మీద పెద్దక్క పక్కన కూర్చుని. “యంత్రానికీ కర్రకీ మధ్యన మనిషి ఉన్నంతసేపూ చట్టం ఆ మనిషినే పట్టుకుంటుంది, అక్కా. ఆ యంత్రాన్ని చేసినవాళ్ల దాకా వెళ్లదు.”

పెద్దక్కకి ఆ మాటలు సగమే ఎక్కాయి. మిగతా సగం వాయిదాకి ముందే, ఒక మధ్యాహ్నం, ఆమె కొట్లోకే నడిచొచ్చింది.

పొద్దుటి బేరాలు అయిపోయాయి. నేల కడిగేశారు. పెద్దక్క మొద్దు మీద ఉప్పు చల్లి ఇనప బ్రష్షుతో గీకుతోంది. తండ్రి పోయినప్పటి నుంచి ఈ కొట్టు ఆమెదే. తమ్ముణ్ణి ఈ కొట్టు మీదే పెంచింది. వాడు మాత్రం కత్తి పైకి లేస్తే చాలు, కళ్లు గట్టిగా మూసుకుని గోడవైపు తిరిగిపోయేవాడు. మాంసం కొట్టేవాళ్లింట్లో రక్తం చూడలేనివాడు ఎలా పుట్టాడ్రా నాయనా అని మార్కెట్టంతా నవ్వేది. “మనం కింద నరుకుదాం, నువ్వు పైకి పోయి లిఫ్టులు బాగుచేసుకో” అని ఆమే వాణ్ణి పనిలో పెట్టింది.

మొహానికి తువ్వాలు చుట్టుకున్న మనిషి ఒకడు కొట్టు ముందు నిలబడ్డాడు.

“ఏం కావాలి?” అంది తలెత్తకుండా.

“మీతోనే పని, పెద్దక్కా.”

ఆ పిలుపులో ఏదో తేడా వినబడి తలెత్తింది. అతను తువ్వాలు తీశాడు. పెదవి చిట్లి ఉంది. ఒక కన్ను వాచి మూసుకుపోయింది. ఎవరో అప్పటికే చావగొట్టి పంపినట్టున్నారు. అయినా పోల్చుకోవడానికి క్షణం పట్టలేదు ఆమెకి. బస్టాండులో ఎవరో ఫోన్‌లో తీసిన వీడియోలో ఆ మొహాన్ని ఎన్నిసార్లు చూసిందో లెక్కలేదు. కర్ర ఎత్తేటప్పుడు వాడి దవడ ఎలా బిగుసుకుంటుందో కూడా ఆమెకి తెలుసు.

బ్రష్షు కింద పడింది.

కాలరు పట్టుకుని ఒక్క గుంజు గుంజింది. అతను కౌంటరు మీంచి ఇవతలికి వచ్చి పడ్డాడు. సగం మేకని ఎత్తి కొక్కేనికి తగిలించే చేతులవి. జుట్టు పట్టుకుని మొహాన్ని మొద్దుకేసి మోదింది. ముక్కు విరిగిన చప్పుడు ఆమె చేతికి తెలిసింది. అప్పుడే గీకి శుభ్రం చేసిన చెక్క మీద రక్తం పడి ఉప్పులోకి ఇంకింది.

“ఒక్క మాట... ఒక్క మాట వినండి...”

“నా తమ్ముడూ అదే అన్నాడు. విన్నావా నువ్వు?”

తూకం రాయి చేతికి దొరికింది. దాంతో భుజం మీద కొట్టింది. ఎముక కదిలింది. అతను మోకాళ్ల మీద కూలిపోయాడు. అరవలేదు. చేతులు అడ్డం పెట్టుకోలేదు. అది ఆమెని మరింత మండించింది. ఇంకోటి కొట్టింది.

ఎదురు కొట్టు చేపలాయన పరిగెత్తుకొచ్చాడు. తమ్ముడూ అతనూ ఒక ఈడువాళ్లు, ఒక కంచంలో తిన్నవాళ్లు. అతని వెనకే ఐసు మోసేవాళ్లు.

“వీడేనా, పెద్దక్కా?”

“వీడే.”

ఆ ఒక్క ముక్క చాలింది. వాళ్లు గార్డుని కాళ్లు పట్టి కొట్టు ముందుకి ఈడ్చారు. తన్నులు మొదలయ్యాయి. డొక్కలో, వీపు మీద, మెడ మీద. తడి నేల మీద అతను ఇటు జారి అటు జారి, ఎటు జారితే అటు ఒక కాలు సిద్ధంగా ఉంది. ఎవడో చేతి మీద బూటుతో ఎక్కి తొక్కాడు. వేళ్లు పటపటమన్నాయి. ముసలీముతకా కూడా కొట్లు వదిలేసి వచ్చి తలో దెబ్బా వేస్తున్నారు. వాళ్లలో సగం మందికి ఆ మనిషెవరో తెలియదు. పెద్దక్క వీడే అంది, అంతే.

పెద్దక్క మొద్దుకి ఆనుకుని నిలబడి చూసింది. అబద్ధం ఎందుకు, ఆమెకి హాయిగానే ఉంది. తమ్ముడు పోయిన దగ్గర్నుంచి కడుపులో కాలుతున్నదేదో ఒక్కో దెబ్బకీ కాస్త కాస్త చల్లబడుతోంది.

చేపలాయన ఐసు పగలగొట్టే గునపం అందుకున్నాడు. అది చూసి గార్డు మొదటిసారి గొంతు చించుకుని అరిచాడు.

“మేడమ్ లేదు! ఆ కంట్రోల్ మేడమ్ అనే మనిషే లేదు పెద్దక్కా! నేను చూశాను! అక్కడ ఎవరూ లేరు!”

అందరి చెవినా పడింది. ఎవరికీ ఎక్కలేదు.  యంత్రానికీ కర్రకీ మధ్యన, అంటున్న లాయరమ్మ గొంతు పెద్దక్క చెవుల్లో మాత్రం గింగురుమంది.

“ఆగండి” అంది.

ఆగలేదు. మొదలుపెట్టించడానికి ఒక్క మాట సరిపోయింది గానీ, ఆపడానికి అరుపులు కూడా సరిపోలేదు. “ఆగండ్రా!” అని అరిచింది. ఎవరూ వెనక్కి చూడలేదు. గునపం పైకి లేచింది.

నరికే కత్తి తీసుకుని గుంపులోకి దూకింది పెద్దక్క. కత్తి వెడల్పు వైపు తిప్పి చేపలాయన మణికట్టు మీద బలంగా వేసింది. గునపం ఖంగుమని కింద పడింది. అతను చెయ్యి పట్టుకుని మెలికలు తిరిగిపోయాడు.

“పిచ్చెక్కిందా నీకు? నీ తమ్ముణ్ణి చంపినోడు వాడు!”

“చంపాడు. ఆ ముక్క కోర్టులో చెప్పడానికి వీడు బతికుండాలి. కాళ్లు విరగ్గొట్టారు, చేతులు విరగ్గొట్టారు, సరే. వీడి నాలుక మాత్రం నాకు కావాలి. ఎవడైనా ముందుకొచ్చాడో, ఈసారి కత్తి తిప్పి పట్టుకోను.”

గుంపు రెండడుగులు వెనక్కి వేసింది. ఆమె ఒక చేత్తో కత్తి పట్టుకుని, రెండో చేత్తో గార్డుని కాలరు పట్టి లాక్కుంటూ వెనక గదిలోకి పోయి ఇనప తలుపుకి గొళ్లెం పెట్టింది. కొట్టు ముందు స్తంభం మీదున్న కెమెరా మెడ తిప్పి వాళ్లని గది గుమ్మం దాకా చూసింది. మార్కెట్లో దొంగతనాలు ఎక్కువయ్యాయని సంఘంవాళ్లు పోయినేడు అదే కంపెనీతో పెట్టించిన కెమెరా. ఆ హడావిడిలో దాని వైపు ఎవరూ చూడలేదు.

వెనక గది ఇరుకు. కిటికీ లేదు. కెమెరా అసలే లేదు, రక్తపు మడుగులో ఏం దొంగతనం జరుగుతుందని సంఘంవాళ్లే వద్దన్నారు. కొక్కేలకి మేకలు వేలాడుతున్నాయి, కడుపులు చీల్చి శుభ్రం చేసినవి. గార్డు గోడకి జారబడి కూర్చున్నాడు. ఊపిరి తీస్తే డొక్కలో ఏదో గుచ్చుకుంటున్నట్టు మొహం ముడుచుకుపోతోంది. పెద్దక్క నీళ్ల బకెట్టు అతని ముందుకి తోసింది. జాలితో కాదు. నోట్లో రక్తం ఉంటే మాట సరిగ్గా రాదని.

“చెప్పు.”

అతను పుక్కిలించి ఉమ్మేశాడు. ఒక పన్ను కూడా వచ్చింది.

“మీ తమ్ముడి తల మీద కర్ర దించింది నేనే. ఎక్కడ అడిగినా ఆ మాటే చెప్తాను. తప్పించుకోవడానికి రాలేదు.”

“అది నాకు తెలుసు. తెలియంది చెప్పు.”

“పాప ఏడుస్తోంది. కానీ ఆయన మెడ గట్టిగా పట్టుకుని ఏడుస్తోంది. ఎత్తుకుపోయేవాడి మెడ పిల్లలు అలా పట్టుకోరు పెద్దక్కా. నాకూ కూతురుంది. అందుకే చెవికి పెట్టుకున్న వైర్‌లెస్ సెట్టులోంచి అడిగాను. ‘మేడమ్, పాప నాన్నా అంటోంది, ఇంకోసారి చూడండి’ అన్నాను.”

“ఏమంది?”

“‘చూశానండి. వాడు ఇంతకుముందు కూడా పిల్లల్ని ఎత్తుకుపోయాడు. నాన్నా అనకపోతే చంపుతానని బెదిరించి ఉంటాడు. నడుం దగ్గర ఆయుధం ఉంది. మీరు ఆలస్యం చేస్తే పాప బతకదు’ అంది. ఎంత నిదానంగా చెప్పిందో! పక్కన కూర్చుని చూస్తున్నట్టే చెప్పింది.”

“ఆయుధం ఏంటి?”

గార్డు తల దించుకున్నాడు. “లిఫ్టు తలుపులు తెరిచే పొడుగు తాళంచెవి. తర్వాత చూశాను.”

పెద్దక్క చేతిలో కత్తి కదిలింది. పిడి బిగించి పట్టుకుంది. తమ్ముడు ఆ తాళంచెవిని నడుముకి తగిలించుకుని తిరుగుతుంటే పట్నం పోలీసులా ఉన్నావని ఆమే ఎగతాళి చేసేది.

“ఆ మేడమ్ నా చెవిలో ఏడాదికి పైగా ఉంది” అన్నాడు అతను. “డ్యూటీ ఎక్కగానే తిన్నారా అని అడిగేది. మా పాపకి జ్వరం వస్తే రోజూ కనుక్కునేది. మా ఆవిడకి అనుమానం కూడా. ఆ మేడమ్‌తో నవ్వినట్టు నాతో ఎప్పుడైనా నవ్వావా అని పోట్లాడేది. అలాంటి మనిషి ఖాయం అంటే నేనెందుకు కాదంటాను? కోర్టులో ఆమె వెళ్లిపోయిందన్నారు కదా. నాకు నమ్మబుద్ధి కాలేదు. కాళ్లు పట్టుకునైనా తీసుకొచ్చి, నేను అడిగానని, తను చెప్పిందని సాక్ష్యం చెప్పిద్దామని కంట్రోల్ ఆఫీసుకి వెళ్లాను. నా జోడీ గార్డు సెట్టు అడిగి తీసుకున్నాను, నా సెట్టు పోలీసుల దగ్గరుంది. ఊడ్చే ఆవిడ వెనక మెట్ల మీంచి పోనిచ్చింది. మేడ ఎక్కుతూ సెట్టులో పిలిచాను.”

“పలికిందా?”

“నా గొంతు వినగానే గుర్తుపట్టింది. ‘ఎన్నాళ్లకండీ! పాప బాగుందా?’ అంది. మానేసి వెళ్లిపోయిన మనిషి. ‘మేడమ్, మీరెక్కడున్నారు?’ అన్నాను. ‘ఇంకెక్కడుంటాను, నా కుర్చీలోనే. ఇప్పుడే టీ తెచ్చిపెట్టారు’ అంది. నేను తలుపు తోశాను.”

అతను పగిలిన పెదవి మీది రక్తం తుడుచుకున్నాడు. 

“పెద్ద హాలు. వరసగా కుర్చీలు. ఒక్కదానికీ ప్లాస్టిక్ కవరు కూడా విప్పలేదు. బల్లల మీద వేలుతో గీస్తే గీత పడేంత దుమ్ము. గోడల నిండా తెరలు, అన్నీ వెలుగుతున్నాయి, బస్టాండు, మార్కెట్టు, ఆస్పత్రి... చూసేవాడు ఒక్కడు లేడు. నేను ఆ ఖాళీ కుర్చీల మధ్యన నిలబడి ఉన్నాను. చెవిలో ఆమె మాట్లాడుతూనే ఉంది. ‘టీలో చక్కెర ఎక్కువైందండీ’ అంటోంది.”

 తలుపు అవతల జనం గోల చేస్తున్నారు. పెద్దక్కకి అదేదీ వినబడ్డంలేదు.

“యంత్రమే అనుమానపడింది” అంది చివరికి, ఒక్కో మాటా కూడబలుక్కుంటూ. “ఆ అనుమానం నిజమేనా అని నువ్వడిగితే, నిజమేనని మళ్లీ అదే చెప్పింది. ఆడగొంతు పెట్టుకుని.”

“అవును.”

“మధ్యన మనిషి లేడు.”

“లేడు పెద్దక్కా. నా తరఫున వాదించేవాడు కూడా కంపెనీ పెట్టిన లాయరే. ఆయనకి చెప్పాను. నోరు మూసుకో, నీ పెళ్లాం బిడ్డల్ని మేం చూసుకుంటాం అన్నాడు. ఆయన ఆఫీసు గుమ్మం దాటానో లేదో ఎవరో నలుగురు సందులోకి లాగి ఇలా చేశారు. సెట్టు కోసం ఒళ్లంతా తడిమారు. చెప్పులో దాచాను, దొరకలేదు.”

అతను చెప్పు విప్పి, అట్టకింద నుంచి అగ్గిపెట్టెంత సెట్టూ, దాని తీగా తీసి ఆమె అరచేతిలో పెట్టాడు. “తీగ ఊడితే బయటికే పలుకుతుంది, జాగ్రత్త.”

పెద్దక్క లాయరమ్మకి ఫోను చేసింది. రెండు ముక్కల్లో చెప్పింది. 

“అక్కా, ఆ మనిషి బతికే ఉన్నాడా?” అంది లాయరమ్మ.

“ఉన్నాడు. కొంచెం.”

“ఇంక ఒక్క దెబ్బ కూడా పడనివ్వకు, నీకు దండం పెడతాను. కంట్రోల్ రూమ్‌లో మనిషి ఉన్నాడని వాళ్లు ప్రమాణం చేసి చెప్పారు. అది అబద్ధమని తేలితే, తప్పు చేసింది గార్డొక్కడే అనే వాదన కూలిపోతుంది. గార్డు శిక్ష గార్డుదే. కానీ ఆ యంత్రాన్ని మనిషని నమ్మించి చెవిలో పెట్టినవాళ్లు కూడా వాడి పక్కన బోనులో నిలబడాలి. నేను బయలుదేరాను. ఆ సెట్టు పోలీసులకి కూడా ఇవ్వకు. నా చేతికే ఇవ్వు.”

ఫోను పెట్టేసి పెద్దక్క సెట్టు వైపు చూసింది. తమ్ముణ్ణి చంపమన్న గొంతు. అది ఎలా ఉంటుందో వినకుండా ఉండలేకపోయింది. తీగ చివర చెవిలో పెట్టుకుంది.

గొంతు బాగుంది. అదే ఆమెని ఎక్కువ భయపెట్టింది. ఎదురుపడితే కూర్చోమని కుర్చీ జరపాలనిపించే గొంతు. ఎవరితోనో మాట్లాడుతోంది.

“...మాంసం మార్కెట్ దగ్గరున్న గార్డులందరూ వినండి. ఒక స్త్రీ, చేతిలో నరికే కత్తి. ఒక మనిషిని చావగొట్టించి వెనక గదిలోకి ఈడ్చుకుపోయింది. అతని ప్రాణానికి ముప్పుంది. తలుపు పగలగొట్టండి. ఆమె లొంగదు, మాటలతో కాలం పోగొట్టకండి.”

 అందులో అబద్ధం ఎంత తక్కువ ఉందో పెద్దక్కకి తెలిసింది. అవతల జనం గోల ఒక్కసారిగా మారిపోయింది. బూట్ల చప్పుడు. “జరగండి, జరగండి!” చేపలాయన ఏదో అడ్డం చెప్పబోయాడు. కర్ర ఒంటి మీద పడ్డ చప్పుడు, అతని కేక.

గార్డు గోడ పట్టుకుని లేవబోయి మళ్లీ కూలబడ్డాడు. “కత్తి పారేయండి పెద్దక్కా! చేతులు పైకెత్తండి! ఆమె ముందే చెప్పేసి ఉంటుంది. మేం చూసేది మా కళ్లతో కాదు. ఆమె చెప్పిందే చూస్తాం.”

తలుపు మీద మొదటి దెబ్బ పడింది. గొళ్లెం వంగింది.

పెద్దక్క కత్తిని మురుగు తూములోకి విసిరేసింది. సెట్టు ఎక్కడ పెట్టాలి? ఒంటి మీద ఉంటే దొరికిపోతుంది. నేల మీద ఎక్కడా చోటు లేదు. రెండో దెబ్బకి తలుపు పైబందు ఊడింది. ఆమె దగ్గర్లో వేలాడుతున్న మేక కడుపు చీలిక తెరిచి పట్టుకుని, చెవిలోంచి తీసిన తీగతో సహా సెట్టుని పక్కటెముకల మధ్యకి, మోచేతి దాకా చెయ్యి పెట్టి దూర్చింది. చెయ్యి వెనక్కి లాక్కునేటప్పుడు తీగ ఊడి ఆమె వేళ్లతో పాటే వచ్చేసింది. గబుక్కున తీగని నోట్లో పెట్టుకుని దవడకి నొక్కుకుంది.

తర్వాత గార్డుకి అడ్డంగా, తలుపుకి ఎదురుగా నిలబడింది. మోచేతుల దాకా రక్తంతో ఉన్న రెండు చేతులూ పైకెత్తింది. ఈ గార్డుకి అడ్డంగా నిలబడతావని పొద్దున్న ఎవరైనా అని ఉంటే వాళ్ల నోరు చీరేసేది.

తలుపు లోపలికి విరుచుకుపడింది. గార్డులు గుమ్మంలో కిక్కిరిసిపోయారు. ముందున్నవాడి కర్ర అప్పటికే తల మీదికి లేచి ఉంది. దవడ బిగుసుకుని ఉంది. అతని చూపు ఆమె చేతుల మీద పడి అక్కడే ఆగింది.

“మేడమ్” అన్నాడు, కర్ర దించకుండానే. “ఆమె చేతుల్లో ఏమీ లేదు. ఇంకోసారి చూడండి.”

జవాబు అతని చెవిలో పడే ఉంటుంది. కానీ అదే మాట, అదే నిదానంతో, కొక్కేనికి వేలాడుతున్న మేక కడుపులోంచి గదిలో అందరికీ వినబడింది.

“చూస్తూనే ఉన్నానండి. ఆమె చేతిలో కత్తి ఉంది. కొట్టండి.”